తొలి నటి ఎవరు? బెదియా మువహ్హిత్ పేరు ముందున్న బిరుదు కథ

టర్కీలో తొలి నటి ఎవరని అడిగితే కనీసం మూడు పేర్లు వినిపిస్తాయి. రంగస్థల చరిత్ర చదివినవాళ్లు అఫిఫే జాలే అంటారు. సినిమా చరిత్ర తిరగేసినవాళ్లు బెదియా మువహ్హిత్ అంటారు. ఆ మాట పూర్తికాకముందే మరి నెయిరే నెయిర్ సంగతేమిటని ఇంకొకరు అడ్డుపడతారు. ఇస్తాంబుల్ ఆర్మేనియన్లకు ఈ వాదనంతా విడ్డూరంగా తోచినా తప్పుపట్టలేం. ఈ ముగ్గురూ పుట్టక ముందే ఆర్మేనియన్ స్త్రీలు అదే నగరంలో ముఖానికి రంగు పూసుకుని వేదికెక్కారు.

వీళ్లందరిలో ఎక్కువ కాలం బతికినదీ, ఎక్కువ కాలం నటించినదీ బెదియా. ప్రభుత్వం పిలిచి సన్మానించింది కూడా ఆమెనే. అందుకే ‘తొలి’ అన్న బిరుదు తరచుగా ఆమె పేరుకే అతుక్కుంది. ఆ బిరుదు ఆమెకు ఎలా దక్కిందో ఆరా తీస్తే మాత్రం నటనా కౌశలం గురించి తెలిసేది కొంచెమే. పోలీసుల గురించి, మంత్రిత్వ శాఖ ఉత్తర్వుల గురించి, చేతులు మారిన అధికారం గురించి తెలిసేదే ఎక్కువ.

ముందు ఆర్మేనియన్ల సంగతి. 1861లో ఇస్తాంబుల్‌లోని ఆర్మేనియన్ నాటకసమాజంలో అరుస్యాక్ పపాజ్యాన్ అనే యువతి వేదికెక్కింది. 1870లో గుల్లు అగోప్ అనే ఆర్మేనియన్ నిర్వాహకుడికి రాజధానిలో టర్కిష్ భాషలో నాటకాలు ఆడే హక్కును ఒట్టోమన్ ప్రభుత్వం పదేళ్లపాటు కట్టబెట్టింది. గెదిక్‌పాషా పేటలోని ఆయన నాటకశాలలోనే 1873 ఏప్రిల్ 1న నామిక్ కెమాల్ రాసిన దేశభక్తి నాటకం ఆడారు. జనం ఎంత ఉర్రూతలూగారంటే సర్కారు బెదిరిపోయి రచయితను సైప్రస్‌లోని మాగోసాకు ప్రవాసం పంపింది. ఆ నాటకంలో కథానాయిక జెకియే ముస్లిం అమ్మాయి. మగవేషం వేసుకుని, ప్రేమించినవాడి వెంట యుద్ధానికి వెళుతుంది. ముస్లిం ప్రేక్షకులు కన్నీళ్లు పెట్టుకున్న ఆ ముస్లిం వీరవనిత పాత్రను పోషించింది ఆర్మేనియన్ నటి. వేరే దారి లేదు. ముస్లిం స్త్రీ పరాయి మగవాళ్ల ముందు వేదికెక్కడమన్నది అప్పట్లో ఊహకందని విషయం. వీధుల్లో, మైదానాల్లో ఆడే సంప్రదాయ నాటకాల్లో ఆడవేషాలు మగవాళ్లే కట్టేవారు. కొత్త తరహా నాటకశాలల్లో ఆ భారం క్రైస్తవ స్త్రీల మీద పడింది. అరవై ఏళ్లపాటు టర్కిష్ రంగస్థలం మీద ‘ఆడగొంతు’ అంటే చాలావరకు ఆర్మేనియన్ గొంతే.

సినిమా వచ్చాక కూడా ఈ ఏర్పాటు మారలేదు. మొదటి ప్రపంచయుద్ధ కాలంలో ఇస్తాంబుల్‌లో కథాచిత్రాలు తీయడం మొదలైంది. వాటిలో స్త్రీ పాత్రలకు ఆర్మేనియన్, గ్రీకు, ఆ తరవాత విప్లవం నుంచి పారిపోయి వచ్చిన రష్యన్ మహిళలే దిక్కు. ముస్లిం స్త్రీలు సినిమా చూడటమే ఒక ప్రత్యేక వ్యవహారంగా ఉండేది. వాళ్ల కోసం విడిగా ఆటలు వేసేవారు. ట్రాముల్లోనూ ఆడవాళ్లు కూర్చునే భాగానికి అడ్డంగా తెర వేలాడేది.

1914లో ఇస్తాంబుల్ నగరపాలకులు దారుల్‌బెదాయి అనే నాటక సంస్థను పెట్టారు. తరవాతి కాలంలో అదే ఇస్తాంబుల్ నగర నాటకశాలగా మారింది. 1918లో ఆ సంస్థ కొద్దిమంది ముస్లిం అమ్మాయిలను శిక్షణకు చేర్చుకుంది. వారిలో అఫిఫే ఒకరు. శిక్షణ అయితే దొరికింది గానీ వేషం దొరకలేదు. 1920 వసంతంలో ప్రధాన నటి ఎలిజా బినెమెజియాన్ విదేశాలకు వెళ్లడంతో ఒక నాటకంలో ఖాళీ ఏర్పడింది. ఇస్తాంబుల్‌లోని కాదుకోయ్ పేట అపోలోన్ నాటకశాలలో ఆ వేషం అఫిఫేకు వచ్చింది. ‘జాలే’ అన్నది ఆమె పెట్టుకున్న రంగస్థల నామం. జనం చప్పట్లు కొట్టారు. ఆ తరవాతి ప్రదర్శనలకు పోలీసులు వచ్చారు. ఒకసారి సహనటి, ఆర్మేనియన్ అయిన క్నార్ హనుమ్ (హనుమ్ అంటే శ్రీమతి లాంటి గౌరవవాచకం), వెనకదారిన తోటలోకి పంపి తప్పించిందని చెబుతారు. ప్రతిసారీ తప్పించుకోవడం ఎవరివల్లా కాదు. 1921 మొదట్లో ముస్లిం స్త్రీలు వేదికెక్కరాదని అధికారికంగా ఉత్తర్వు వచ్చింది. దారుల్‌బెదాయి అఫిఫేను తొలగించింది. తీవ్రమైన తలనొప్పులకు వైద్యంగా మొదలైన మార్ఫిన్ ఆమెకు వ్యసనమైంది. 1941లో ఇస్తాంబుల్‌లోని బకిర్‌కోయ్ మానసిక వైద్యశాలలో, నలభై ఏళ్లయినా నిండకుండానే ఆమె చనిపోయింది.

అఫిఫే వేదికెక్కింది 1920 ఏప్రిల్‌లో. బెదియా నటించిన సినిమా విడుదలైంది 1923 ఏప్రిల్‌లో. నడిమధ్య మూడేళ్లు. ఒకరిని పోలీసులు తరిమారు, మరొకరిని జాతి నెత్తిన పెట్టుకుంది. ఆ మూడేళ్లలో ఏం జరిగిందన్నదే ఇక్కడ అసలు ప్రశ్న.

బెదియా 1890ల రెండో సగంలో ఇస్తాంబుల్‌లో పుట్టింది. నోత్ర్ దామ్ ద సియోన్ అనే ఫ్రెంచి బడిలో చదువుకుంది. ఫ్రెంచి ధారాళంగా వచ్చు, గ్రీకు కూడా తెలుసు. ఇంట్లో గవర్నెస్‌లను పెట్టుకునే వర్గపు అమ్మాయిలకు ఈ చదువు అలంకారంగా మిగిలిపోయే రోజులవి. బెదియాకు మాత్రం అది ఉద్యోగం తెచ్చిపెట్టింది. విదేశీ పెట్టుబడితో వచ్చిన ఇస్తాంబుల్ టెలిఫోన్ కంపెనీ ముస్లిం స్త్రీలను ఆపరేటర్లుగా తీసుకోవడానికి మొదట ఒప్పుకోలేదు. ఫ్రెంచి, గ్రీకు రావాలన్నది సాకు. ఉల్వియే మెవ్లాన్ నడిపిన మహిళల పత్రిక 1913లో ఈ అన్యాయాన్ని వీధికెక్కించింది. పేరుపేరునా దరఖాస్తులు పంపించి, రచ్చ చేసి, చివరికి కంపెనీ మెడలు వంచింది. అలా ఉద్యోగాలు దక్కిన తొలి ముస్లిం యువతుల్లో బెదియా ఒకరు.

ఆమె జీవితకథల్లో ఈ టెలిఫోన్ ఉద్యోగం సాధారణంగా ఒక వాక్యంలో ముగుస్తుంది. నాకైతే అసలు కథ ఇక్కడే మొదలైనట్టు అనిపిస్తుంది. ముక్కూమొహం తెలియని మగవాళ్లతో రోజంతా మాట్లాడటం ఆ ఉద్యోగం. 1914 నాటి ఇస్తాంబుల్‌లో ముస్లిం స్త్రీకి అదేమీ చిన్న సంగతి కాదు. పైగా అది దయతలచి ఎవరో ఇచ్చిన ఉద్యోగం కాదు, స్త్రీలే కొట్లాడి తెచ్చుకున్నది. తరవాత ఆమె జీవితంలో తెరిచిన తలుపులకు వేరేవాళ్ల పేర్లు చెబుతారు కాబట్టి ఈ మొదటి తలుపును గుర్తుపెట్టుకోవాలి.

ఆ తరవాత ఎరెన్‌కోయ్ బాలికల పాఠశాలలో ఫ్రెంచి చెప్పింది. దారుల్‌బెదాయి నటుడు అహ్మెత్ రెఫెత్ మువహ్హిత్‌ను పెళ్లి చేసుకుంది. మువహ్హిత్ అన్నది ఆ భర్త పేరే.

ఇక సినిమా. 1922లో కెమాల్, షాకిర్ సెదెన్ సోదరులు కెమాల్ ఫిల్మ్ అనే సంస్థను పెట్టారు. టర్కీలో ప్రైవేటు రంగంలో సినిమా నిర్మాణానికి అదే నాంది. దర్శకుడు ముహ్సిన్ ఎర్తుగ్రుల్, దారుల్‌బెదాయి మనిషి, జర్మనీలో సినిమాల్లో పనిచేసి వచ్చినవాడు. వాళ్లు ఎంచుకున్న కథల్లో ఒకటి హాలిదే ఎదిప్ రాసిన ‘అతెష్‌తెన్ గోమ్లెక్’, అంటే అగ్ని చొక్కా. మొదటి ప్రపంచయుద్ధం తరవాత దేశాన్ని ఆక్రమించిన సైన్యాల మీద టర్కులు చేసిన స్వాతంత్ర్య యుద్ధం ఇంకా వేడి చల్లారకముందే, 1922లో దినపత్రికలో ధారావాహికగా వచ్చిన నవల అది. రచయిత్రి మామూలు మనిషి కాదు. 1919లో సుల్తాన్ అహ్మెత్ మైదానంలో లక్షల జనం ముందు ప్రసంగించింది, అనటోలియాకు (టర్కీ ఆసియా భాగానికి) వెళ్లి జాతీయసేనలో చేరింది, సుల్తాను ప్రభుత్వం ఆమెకు మరణశిక్ష వేసింది. (ఈమె 1935లో ఢిల్లీ జామియా మిల్లియాలో ఉపన్యాసాలిచ్చి, ఆ పర్యటనలోనే హైదరాబాదు కూడా వచ్చింది. నవల సంగతి తెలియకపోయినా ఆమె పేరు అప్పటి హైదరాబాదు ఉర్దూ పాఠకులకు కొత్త కాదు.)

నవలలో కథానాయిక ఆయిషే ఇజ్మీర్ స్త్రీ. 1919 మే నెలలో గ్రీకు సైన్యం ఆ నగరంలో దిగినప్పుడు భర్తనూ కొడుకునూ పోగొట్టుకుని ఇస్తాంబుల్ చేరుతుంది. అక్కడి నుంచి అనటోలియాకు వెళ్లి యుద్ధరంగంలో నర్సుగా పనిచేసి ప్రాణాలు వదులుతుంది. ఈ పాత్రను ముస్లిం టర్కిష్ స్త్రీయే వేయాలని హాలిదే ఎదిప్ పట్టుబట్టిందని చెబుతారు. ముహ్సిన్ ఎర్తుగ్రుల్ తన తోటి నటుడి భార్యను అడిగాడు. ఆయిషే పాత్ర బెదియాకు దక్కింది. మరో పాత్ర కోసం పత్రికలో ప్రకటన వేశారు. దానికి స్పందించిన యువతి మునీరే ఎయుప్, తెర మీద నెయిరే నెయిర్ అయింది. తరవాతి రోజుల్లో ఆమె ముహ్సిన్ ఎర్తుగ్రుల్‌ను పెళ్లాడి, రంగస్థలం మీద బరువైన పాత్రలు చేసి, 1943లో మరణించింది. ఇద్దరూ ఒకే సినిమాలో, ఒకే తెర మీద, ఒకే రోజు కనిపించారు. కాబట్టి సినిమాకు సంబంధించినంత వరకు ఎవరు ముందన్న తగాదాకు అర్థం లేదు. కథానాయిక పాత్ర కావడం, తరవాత డెబ్బై ఏళ్లు బతకడం బెదియాకు కలిసివచ్చాయి, అంతే.

సినిమా 1923 ఏప్రిల్ 23న ఇస్తాంబుల్‌లో విడుదలైంది. ఆ తేదీని ఊరికే ఎంచుకోలేదు. మూడేళ్ల కిందట అదే రోజు అంకారాలో, ఇస్తాంబుల్ సుల్తాను ప్రభుత్వానికి పోటీగా, జాతీయసభ తొలిసారి కొలువుదీరింది.

అఫిఫేను తరిమిన పోలీసులు బెదియాను ఎందుకు ముట్టుకోలేదు? అఫిఫే ఒంటరిగా గోడను ఢీకొంది, బెదియా వచ్చేసరికి గోడే కూలిపోయింది అనేవాళ్లున్నారు. అందులో కొంత నిజముంది, కానీ గోడ ఎక్కడెక్కడ కూలిందో చూడాలి.

మొదటిది, పోలీసులు ఎవరి పోలీసులన్నది. 1920, 21లలో ఇస్తాంబుల్ పాలన సుల్తాను ప్రభుత్వానిది. నగరం మిత్రరాజ్యాల సైన్యాల ఆక్రమణలో ఉంది. చేతిలో అధికారం జారిపోతున్న ఆ ప్రభుత్వానికి తన పట్టు చూపించుకోవడానికి మిగిలిన కొద్ది చోట్లలో ముస్లిం స్త్రీల నడవడిక ఒకటి. 1922 నవంబరు 1న అంకారా జాతీయసభ సుల్తాను పదవిని రద్దుచేసింది. ఆ వెంటనే నగర పరిపాలనను అంకారా ప్రతినిధి రెఫెత్ పాషా చేతుల్లోకి తీసుకున్నాడు. నవంబరు 17న చివరి సుల్తాను బ్రిటిష్ యుద్ధనౌక ఎక్కి వెళ్లిపోయాడు. మిత్రరాజ్యాల సైనికులు 1923 అక్టోబరు దాకా వీధుల్లో కనిపిస్తూనే ఉన్నారు గానీ, నాటకశాల మీద దాడికి పోలీసులను పంపే కుర్చీలో మాత్రం కొత్త మనుషులు కూర్చున్నారు. వాళ్లు గెలిచిన యుద్ధాన్ని కీర్తించే సినిమా మీదికి వాళ్లే పోలీసులను ఎందుకు పంపుతారు?

రెండోది పాత్ర. అఫిఫే నటించినవి ఇంటి గొడవల నాటకాలు, ప్రేమలు, రహస్యాలు. బెదియాది అమరుడి భార్య పాత్ర, క్షతగాత్రుల సేవకు అంకితమైన స్త్రీ. సంప్రదాయవాది నోరెత్తితే మతాన్ని కాపాడినట్టు కాదు, దేశాన్ని అవమానించినట్టు అవుతుంది. కథానాయికకు పవిత్రత ముందే కట్టబెట్టి ఉంచారు. నటికి అది కవచంగా పనిచేసింది.

మూడో సంగతి సినిమా అన్న వస్తువులోనే ఉంది. నాటకంలో నటి ఒంటితో సహా ప్రేక్షకుల ఎదుట నిలబడుతుంది. ఫలానా రోజు, ఫలానా వేళ, ఫలానా వేదిక మీద ఉంటుందని గోడపత్రిక చెబుతుంది. పోలీసులకు పని సులువు. సినిమా చిత్రీకరణ నలుగురి మధ్య ముగిసిపోతుంది. హాలులో పడేది బొమ్మ. నటి ఆ సమయంలో ఇంట్లో ఉండవచ్చు. అడ్డుకోవాలంటే బొమ్మను ఆపాలి, మనిషిని కాదు. ముస్లిం స్త్రీకి అనుమతి మొదట తెరకు దొరికి, ఆ తరవాత వేదికకు పాకడంలో ఈ తేడా పాత్ర చిన్నదేమీ కాదని నా ఉద్దేశం.

ఇక నాలుగోది, పుస్తకాలు పెద్దగా పట్టించుకోనిది. అఫిఫే పెళ్లికాని అమ్మాయి, తండ్రి మాట కాదని వచ్చింది. బెదియా నటుడి భార్య, వృత్తికి ఉపాధ్యాయురాలు. పరువు అన్న లెక్కలో ఆమె ఖాతా ముందే నిండి ఉంది. ధైర్యంలో ఇద్దరినీ తూచడం నాకు నచ్చని పని. కాకపోతే ధైర్యానికి చెల్లించిన ధర మాత్రం ఒక్కటి కాదు.

సినిమా విడుదలైన కొద్ది నెలలకే, 1923 జులై చివర్లో, బెదియా వేదికెక్కింది. నాటక బృందం ఇజ్మీర్‌లో ఉంది. జాతీయోద్యమ నాయకుడు ముస్తఫా కెమాల్ (తరవాతి అతాతుర్క్) కూడా అదే నగరంలో ఉన్నాడు. టర్కిష్ స్త్రీలు ఎందుకు నటించడం లేదని ఆయన అడిగాడనీ, మువహ్హిత్ భార్య సినిమాలో నటించిందని చెబితే అయితే ఆమెనే నాటకంలోనూ వేయించండి అన్నాడనీ, హడావిడిగా పాత్ర నేర్చుకుని ఆమె వేదికెక్కిందనీ కథ. ఆడింది ఫ్రెంచి మూలం నుంచి మలచుకునే కోవకు చెందిన తేలికపాటి హాస్యనాటకం. తెర మీద ఇజ్మీర్ వితంతువుగా కనిపించిన నటి నిజంగా ఇజ్మీర్‌లోనే తొలిసారి వేదికెక్కడం రాసుకున్నా ఇంత చక్కగా కుదరదు. గణతంత్రం ప్రకటించడానికి ఇంకా మూడు నెలలుంది.

ఈ ఇజ్మీర్ కథను టర్కీలో ఎన్నిసార్లు చెప్పుకున్నారో లెక్కలేదు. అబద్ధమని కాదు. కానీ ఇందులో తలుపు తీసినవాడు ఒక్కడే, మిగిలినవాళ్లంతా గడప దాటినవాళ్లు. టెలిఫోన్ కంపెనీతో తలపడిన స్త్రీలు, ముస్లిం నటి కావాలని పట్టుబట్టిన రచయిత్రి, ఉద్యోగం పోగొట్టుకున్న అఫిఫే, ఆమెను తోటలోకి తప్పించిన క్నార్ ఈ కథలో ఎక్కడా లేరు. కొత్త రాజ్యానికి తన పుట్టుక చెప్పుకోవడానికి ఇలాంటి కథ అవసరం. నెత్తురూ మార్ఫినూ లేని, నవ్వుతూ ఫొటోకు నిలబడగల నటి కూడా అవసరం. బెదియా ఆ అవసరానికి సరిగ్గా సరిపోయింది. అది ఆమె తప్పు కాదు, ఆమె ప్రతిభను తగ్గించే మాటా కాదు.

ప్రతిభ గురించే చెప్పాలంటే, కన్నీటి నాయికగా మొదలైన ఈమె అసలు సత్తా హాస్యంలో బయటపడింది. ఫ్రెంచి హాస్యనాటకాల టర్కిష్ రూపాంతరాల్లో చురుకైన మాటకారి పాత్రలు ఆమెకు పెట్టింది పేరు. ఫ్రెంచి బాగా తెలియడంతో నాటకాలను తానే అనువదించి, మలిచి ఇచ్చింది కూడా. 1927లో భర్త చనిపోయాక వేదికను వదల్లేదు. 1930ల్లో ఇస్తాంబుల్ సంగీత పాఠశాలకు వచ్చిన ఆస్ట్రియన్ పియానో విద్వాంసుడు ఫెర్ది స్టాట్‌జర్‌ను పెళ్లాడింది. ఆ బంధం 1950ల మొదట్లో ముగిసింది. నగర నాటకశాలతో ఆమె అనుబంధం మాత్రం 1970ల వరకు, అర్ధశతాబ్దం సాగింది.

మరి తొలి సినిమా నాయిక పెద్ద సినిమా తార ఎందుకు కాలేదు? తార వెలగడానికి ఆకాశమే లేదు. కెమాల్ ఫిల్మ్ రెండేళ్లలో చేతులెత్తేసింది. ముహ్సిన్ ఎర్తుగ్రుల్ సోవియట్ యూనియన్‌కు వెళ్లాడు. 1924 తరవాత కొన్నేళ్లు టర్కీలో కథాచిత్రాలు రాలేదనే చెప్పాలి. 1928లో ఇపెక్ ఫిల్మ్ రంగంలోకి దిగాక మళ్లీ కదలిక వచ్చింది. 1931లో తొలి మాటల సినిమా వచ్చింది, దానికి శబ్దం జోడించింది కూడా పారిస్‌లో. మాటల సినిమాకు తగిన స్టూడియో ఆ మరుసటి ఏడాది గానీ ఇస్తాంబుల్‌లో సిద్ధం కాలేదు. 1939 దాకా సినిమాలు తీసింది దాదాపుగా ఎర్తుగ్రుల్ ఒక్కడే. నటీనటులందరూ ఆయన నాటకశాల వాళ్లే. శీతాకాలమంతా నాటకాలు, వేసవిలో నాటకశాల మూసినప్పుడు సినిమా చిత్రీకరణ. విమర్శకులు ఈ కాలాన్ని ‘నాటకాలవాళ్ల యుగం’ అని ఎత్తిపొడిచారు. తెర మీద కూడా గొంతు చివరి వరుస దాకా వినిపించాలన్నట్టు మాట్లాడతారు, చేతులు వేదిక కొలతలకు కదులుతాయి, కెమెరా ముందువరుస ప్రేక్షకుడిలా కదలకుండా కూర్చుంటుంది. ఈ ఆరోపణలు చాలావరకు న్యాయమైనవే. అయితే ఒక సంగతి మరచిపోకూడదు. జీతమిచ్చే నాటకశాల ఉండబట్టే, ఏడాదికి ఒకటో రెండో సినిమాలు వచ్చే ఆ దేశంలో నటులన్న జాతి బతికింది. బెదియాకు సినిమా వేసవి పని, నాటకం వృత్తి. ‘తొలి సినిమా నటి’ అన్న బిరుదు వల్ల ఈ నిష్పత్తి తలకిందులుగా కనిపిస్తుంది. 1930ల మధ్యలో అసలైన తెర తారగా జాహిదే సోన్‌కు వచ్చింది. ఆమెది వేరే కథ, విషాదం పాలు ఎక్కువ.

రెండో ప్రపంచయుద్ధం తరవాత ఇస్తాంబుల్‌లోని యెషిల్‌చామ్ వీధిలో సినిమా కంపెనీలు పుట్టగొడుగుల్లా మొలిచాయి. 1960ల చివరికి ఏడాదికి రెండు వందలకు పైగా సినిమాలు తీసే పరిశ్రమ అయింది. అప్పటికి బెదియా వయసు డెబ్బై దాటింది. ఆ కాలపు సినిమాల్లో ఆమె పెద్దింటి ముసలమ్మ, అత్తగారు, ముత్యాలదండ వేసుకుని గడుసుగా మాట్లాడే హనుమ్. చిన్న పాత్రలే, కానీ మాటలోని విరుపు, పాత ఇస్తాంబుల్ ఉచ్చారణ ఆమె సొంతం. వాటిని చూసి నవ్విన యువ ప్రేక్షకుల్లో ఎంతమందికి ఈ ముసలమ్మే మూకీ సినిమా ఆయిషే అని తెలుసో చెప్పడం కష్టం.

1987లో టర్కీ ప్రభుత్వం ఆమెకు రాజ్య కళాకారిణి బిరుదు ఇచ్చింది. 1994 జనవరిలో, తొంభై ఏడేళ్ల ప్రాంతంలో ఆమె మరణించే నాటికి దేశ ప్రధానమంత్రి పదవిలో ఒక స్త్రీ, తాన్సు చిల్లెర్, ఉంది. మరో మూడేళ్లకు, 1997లో, ఇస్తాంబుల్‌లో నాటకరంగానికి వార్షిక పురస్కారాలు మొదలయ్యాయి. వాటికి అఫిఫే పేరు పెట్టారు. ఇప్పుడు ఏటా టర్కీ నటులు సూటుబూట్లతో, పట్టుగౌనులతో వెళ్లి అందుకునేది ఒకప్పుడు నాటక సంస్థ ఉద్యోగం నుంచి తీసేసిన ఆ అమ్మాయి పేరున్న బహుమతినే. అరుస్యాక్ పపాజ్యాన్, ఎలిజా బినెమెజియాన్, క్నార్‌ల పేర్లు మాత్రం ‘తొలి నటి ఎవరు’ అన్న ప్రశ్నకు చెప్పే జవాబుల్లో ఇప్పటికీ వినిపించవు.